జతపరచడమైనది: పాట ఒకటి

గవ్వలరేవు మునిసిపాలిటీలో తపాలా గుమాస్తా కూర్మారావు చేతికి చిక్కిన వస్తువు ఏదైనా సరే, సాయంత్రం అయిదు లోపల మూడు గండాలు దాటాలి. ముందు దాని మీద తేదీ ముద్ర పడాలి. తరవాత ఎడమవైపు పైమూల దబ్బనంతో కన్నం పడాలి. ఆ కన్నంలోంచి ట్యాగు దూరి ఫైలుకు ముడి పడాలి. శుభలేఖ వచ్చినా ఇదే మర్యాద. ఒకసారి మూడో వార్డు మనిషి ఎవరో మురుగు కాలవలో దోమలు ఎక్కువయ్యాయని, సాక్ష్యంగా అగ్గిపెట్టెలో పదకొండు చచ్చిన దోమల్ని పెట్టి పంపాడు. కూర్మారావు ఆ అగ్గిపెట్టెకీ ముద్ర కొట్టి, కన్నం పొడిచి, ట్యాగు కట్టాడు. దోమలు ఇప్పటికీ ఫైల్లోనే ఉన్నాయి. కాలవలో కూడా ఉన్నాయి.

అలాంటి కూర్మారావు బల్ల మీదికి జూన్ మూడో తారీఖున స్పెయిన్ దేశం నుంచి ఒక కవరు వచ్చి పడింది.

గవ్వలరేవుకీ స్పెయిన్ దేశానికీ చుట్టరికం ఎక్కడిదంటే, పన్నెండేళ్ల కిందట అప్పటి చైర్మన్ మురుగు కాలవలు ఎలా కట్టాలో చూసి రావడానికి ఆ దేశం వెళ్లాడు. కాలవల సంగతి మరిచిపోయాడు గాని, సాన్ తెలేరో అనే సముద్రపు ఒడ్డు ఊరితో సోదర పట్టణం ఒప్పందం ఒకటి సంతకం చేసుకొచ్చాడు. ఊరి మొదట్లో, చెత్త దిబ్బ పక్కన బోర్డు కూడా పాతారు: 'మా సోదర పట్టణం సాన్ తెలేరో, తొమ్మిది వేల కిలోమీటర్లు.' బోర్డు మీది బాణం తిన్నగా తూర్పు సముద్రంలోకి చూపిస్తుంది. ఆ దారిన ఇంతవరకు ఎవరూ వెళ్లలేదు, అటునుంచి ఉత్తరం ముక్క కూడా రాలేదు. ఇదే మొదటిది.

కవర్లో మూడు వస్తువులు ఉన్నాయి. స్పానిష్ భాషలో ఒక ఉత్తరం. మైకు పట్టుకున్న ఒక అమ్మాయి బొమ్మతో రంగుల కరపత్రం. అద్దం బిళ్లలా మెరిసే ఒక సీడీ. ఉత్తరం ఎవరికీ అర్థం కాలేదు. కరపత్రం మీద మాత్రం అడుగున రెండు ముక్కలు ఇంగ్లీషులో ఉన్నాయి. సాన్ తెలేరో పట్టణపు పాప్ పాట అంతర్జాతీయ గీతాల పోటీకి ఎంట్రీగా వెళుతోందని, పోటీ ఫలానా తేదీనని. ఆ తేదీ ఉన్న చోటే కూర్మారావు ముద్ర పడింది గనక అది ఏ తేదీయో తరవాత ఎవరికీ తెలియలేదు.

కూర్మారావు దబ్బనం పట్టుకుని సీడీ వైపు చూసి ఆగాడు. రిజిస్టర్లో 'విషయము' అనే గడి ఖాళీగా ఉండకూడదు. అటెండరు అసిరమ్మను పిలిచాడు.

"అప్పా, దీన్లో ఏటున్నాదో ఓపాలి ఇనీసి రా. మన కంప్యూటర్లకి దీన్ని మింగే నోరు లేదు. ఇనకుండా ఏ సబ్జెక్టని రాయను?"

"తేవోయ్ తమ్ముడూ. ఏసు ఆటోలో ఏయించుకొస్తాను."

అసిరమ్మ ఆ ఆఫీసులో చేరి పంతొమ్మిదేళ్లు. నలభై దాటాక వయోజన పాఠశాలలో అక్షరాలు నేర్చుకుంది. అంతకు ముందు ఆమెకు చెవే పలక. ఒకసారి విన్నది పోయేది కాదు. ఏ వార్డు కౌన్సిలరు ఏ సమావేశంలో ఏమన్నాడో ఆమెను అడిగితే రాగంతో సహా చెప్పేది. అక్షరాలు వచ్చాక కూడా ఆ పలక చెరిగిపోలేదు.

ఆఫీసు గేటు దగ్గర ఏసు ఆటోలో పాత సీడీ ప్లేయరు ఒకటి ఉంది. వేశాడు. ముందు డప్పులాంటి దరువు, తరవాత ఎవరో చప్పట్లు, ఆ చప్పట్ల మధ్యలోంచి ఒక ఆడపిల్ల గొంతు, అల మీద పడవ లేచినట్టు లేచింది. 'దామె సోంబ్రా, లిమొనేరో, దామె సోంబ్రా ఈ నాద మాస్.' ఒక్క ముక్క అర్థం కాలేదు. కాని అసిరమ్మ కాలి వేళ్లు తమంతట తామే కదిలాయి.

"బాగున్నాది గదా పిన్నీ" అన్నాడు ఏసు.

"మరోపాలి ఎయ్యి. రెండో సరణంలో ఎక్కడ ఊపిరి తీస్తన్నాదో దొరకలేదు."

నాలుగు సార్లు విని, సీడీ పట్టుకొచ్చి కూర్మారావు చేతిలో పెట్టింది. "పాట. ఆడపిల్ల పాడింది. మూడు సరణాలు."

కూర్మారావు 'విషయము: పాట' అని రాసుకున్నాడు. సీడీ తిప్పి చూసి సంతోషించాడు. "మంచోళ్లప్పా. ఆళ్లే కన్నం పొడిసి పంపీనారు." అంతలోనే మొహం చిన్నబుచ్చుకున్నాడు. "కానీ నడిమిద్ది పొడిసీనారు. రూలు పెకారం ఎడమేపు పైమూల ఉండాల."

దబ్బనం దిగింది. పటుక్కుమంది. పాట గండాలు మూడూ దాటింది.

*

మర్నాడు కమిషనర్ చక్రధరరావు కరపత్రం చూశాడు. ఆయన వచ్చి నాలుగు నెలలు. గవ్వలరేవును ప్రపంచ పటం మీద నిలబెట్టడం ఆయన ఆశయం. పటం మీద అది అప్పటికే ఉందని ఎవరైనా చెబితే వినేవాడు కాదు. 'అంతర్జాతీయ' అన్న మాట కనపడగానే కుర్చీలోంచి సగం లేచాడు.

"పాణిగ్రాహి గారూ, ఒక స్థానిక సంస్థ మరొక స్థానిక సంస్థకు లేఖ రాసిందంటే అందులో కోరేది ఏముంటుంది?"

మేనేజరు సదాశివ పాణిగ్రాహి ముప్ఫై నాలుగేళ్ల సర్వీసున్న మనిషి. తడుముకోకుండా చెప్పాడు. "అనుమతి ఉంటుందండి. మరొకటి కోరడం నా సర్వీసులో చూడలేదు."

"అంటే మన ఆమోదం లేకుండా ఆ పాట పోటీలో నిలబడదు. సోదరులం కదా. వినిపించండి."

సీడీ తెచ్చారు. రెండో కన్నం చూశారు. విదేశీ ప్రభుత్వపు ఆస్తికి దబ్బనం దించిన కేసు ఎక్కడి దాకా వెళుతుందో పాణిగ్రాహి మనసులో సెక్షన్లు వెతుక్కుంటున్నాడు. కూర్మారావు గోడకు అంటుకుపోయాడు.

అప్పుడే అసిరమ్మ టీ గ్లాసులు తెచ్చి బల్ల మీద పెడుతూ, తనకు తెలియకుండానే కూనిరాగం తీసింది. 'దామె సోంబ్రా, లిమొనేరో.'

ముగ్గురూ ఆమె వైపు తిరిగారు.

"అదేనా?" అన్నాడు కమిషనర్.

"అదే బాబూ. మొత్తం వొచ్చు. పాడమంటే పాడతాను."

పాడింది. కూర్మారావు ప్రాణం కుదుటపడింది. ఆ సాయంత్రమే పాణిగ్రాహి ఫైలు మీద నోటు రాశాడు. 'సమర్పణ. పై విషయమునందు సదరు డిస్కు కార్యాలయ పద్ధతి ననుసరించి ఛిద్రము గావింపబడినందున మౌనము వహించినది. అయినను సదరు పాట అటెండరు శ్రీమతి అసిరమ్మ కంఠమునందు యథాతథముగా లభ్యమగుచున్నది. కావున సదరు అసిరమ్మను ఫైలునకు జతపరచవచ్చునా అను విషయము తమ ఉత్తర్వుల నిమిత్తము.'

కమిషనర్ ఆకుపచ్చ సిరాతో ఒక్క మాట రాశాడు. 'జతపరచండి.'

కూర్మారావు ఉత్తర్వు చదువుకుని, దబ్బనం తీసి, అసిరమ్మను ఎగాదిగా చూశాడు.

"సూడు తమ్ముడూ" అంది అసిరమ్మ. "నా సెవులకి కన్నాలున్నాయి. మా యమ్మ పొడిపించింది. కొత్తవి అక్కర్లేదు."

కూర్మారావు ఆలోచించాడు. ఎడమ చెవి. ఎడమవైపు, పైమూల. నిబంధన అంత చక్కగా అమరడం అతని సర్వీసులో అదే మొదలు. ఎడమ చెవి కమ్మలోంచి ట్యాగు దూర్చి, ఫైలుకు ముడేసి, పుటల సంఖ్య వేశాడు. పాటకు మూడు చరణాలు గనక ఏడు నుంచి తొమ్మిది వరకు పుటలు అసిరమ్మ.

*

మొదటి వారం అసిరమ్మకు బాగానే ఉంది. జతపరచిన పత్రం చేతికి టీ గ్లాసులు ఇస్తే ఒలికి మరకలు పడే ప్రమాదం ఉందని పాణిగ్రాహి టీలు మాన్పించాడు. ఫైలు ఎక్కడ ఉంటే ఆమె అక్కడ ఉండాలి గనక, ఫ్యాను కింద కుర్చీ వేశారు. పంతొమ్మిదేళ్లలో ఆ ఆఫీసులో ఆమె కూర్చోవడం అదే మొదటిసారి. అన్నానికి వెళ్లాలంటే కూర్మారావు కదలికల రిజిస్టర్లో 'పుటలు 7-9 భోజనమునకు' అని రాసి ట్యాగు విప్పేవాడు. ఇంటికి వెళ్లేటప్పుడు 'రేపటికి వాయిదా' అని రాసేవాడు. వచ్చాక మళ్లీ కట్టేవాడు.

ఫైలు సెక్షన్లు తిరగడం మొదలుపెట్టింది.

టౌన్ ప్లానింగు అధికారి మొత్తం విని కళ్లు మూసుకుని అడిగాడు. "పాటకు నాలుగు పక్కలా ఖాళీ స్థలం వదిలారా?"

"మొదలెట్టే ముందు ఊపిరి తీసుకుంటాను బాబూ. అయిపోయినాక కూడా తీసుకుంటాను."

'ముందు వెనుకల ఖాళీ కలదు. పక్కల ఖాళీ క్షేత్రస్థాయిలో పరిశీలించవలసి యున్నది' అని ఆయన రాశాడు.

అసిస్టెంటు ఇంజనీరు గడియారం పెట్టి కొలిచాడు. మొదటిసారి రెండు నిమిషాల యాభై ఒక్క సెకన్లు. ధృవీకరణ కోసం మళ్లీ పాడిస్తే యాభై నాలుగు వచ్చింది. 'ఒకే నిర్మాణము రెండు కొలతలు కలిగి యుండుటకు కారణము తెలుపవలెను' అని మెమో ఇచ్చాడు. అసిరమ్మ జవాబు తన చేత్తోనే రాసి ఇచ్చింది. 'రెండో పాలి మధ్యలో తుమ్ము వచ్చింది. చిత్తగించవలెను.' తుమ్మును అదనపు పని కింద మంజూరు చేశారు.

శానిటరీ ఇన్‌స్పెక్టరు వినడానికి ఒప్పుకోలేదు. దూరం నుంచే రాశాడు. 'సదరు పాట అంటుకొను స్వభావము కలది. ఇప్పటికే జనన మరణ విభాగములో నలుగురికి, నీటి పన్ను కౌంటరులో ఇద్దరికి లక్షణములు కనిపించినవి. గేటు వద్ద ఆటో డ్రైవరుకు ముదిరినది.'

అది మాత్రం నిజమే.

*

పద్నాలుగో తారీఖున అసిరమ్మ సెలవు చీటీ రాసుకుని పాణిగ్రాహి బల్ల దగ్గరికి వచ్చింది. ఫైలు చంకలో ఉంది, ట్యాగు చెవికి ఉంది.

ఆమె కూతురు హైమకు నెలలు నిండాయి. తొలి కాన్పు. అల్లుడు సూరిబాబు గుజరాతు రేవులో బోటు మీద ఉన్నాడు, చేపల వేట ఆగితే గాని రాలేడు. ఇంట్లో మరో మనిషి లేదు. డాక్టరమ్మ ఇరవై అయిదో తారీఖు చెప్పింది, బిడ్డ అడ్డం తిరిగే సూచన ఉంది గనక నలభై కిలోమీటర్ల దూరంలో జిల్లా ఆసుపత్రికి ఒక రోజు ముందే తీసుకెళ్లమంది.

పాణిగ్రాహి చీటీ రెండుసార్లు చదివాడు. ఆయన చెడ్డవాడు కాదు. రూలు పుస్తకం ఏ పేజీలో ఏడవమంటే ఆ పేజీలో ఏడ్చే రకం.

"అసిరమ్మా, అటెండరుగా నీకు సెలవు ఇవ్వడానికి నాకు ఆక్షేపణ లేదు. ఇదిగో, మంజూరు. కాని ఏడు నుంచి తొమ్మిది పుటలకు సెలవు ఏ నిబంధన కింద ఇవ్వమంటావు? పుటలు లేని ఫైలు అసంపూర్ణం. విదేశీ వ్యవహారం కూడా."

"బాబూ, పురుడు ఆగుద్దేటి?"

"తేదీ మార్చడం వీలవుతుందేమో డాక్టరు గారిని వ్రాతపూర్వకంగా అడుగు. అడగడంలో తప్పు లేదు కదా."

"మా అమ్మకి ముగ్గురం. ఒక్కలం కూడా అడిగి పుట్టనేదు బాబూ."

పాణిగ్రాహి కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. "ఫైలు మూతపడితే నిన్ను విడదీయవచ్చు. మూతపడాలంటే పైనుంచి ఆమోదం రావాలి. ప్రాంతీయ కార్యాలయానికి పంపుతున్నాం. ఈలోగా ఫైలు పెండింగు."

పెండింగు ఫైళ్లు రికార్డు రూములో ఉండాలి. కూర్మారావు అసిరమ్మ కుర్చీ అక్కడికి మార్చాడు. చెదలు పట్టకుండా చుట్టూ కలరా ఉండలు పెట్టాడు.

"ఏటోయ్ తమ్ముడూ, నాకు సెదలు పడతాయేటి?"

"రూలప్పా. పోనీ నీకు ఒకటి ఎక్కువెట్టినాను."

ఆ సాయంత్రం ఇంట్లో హైమ తల్లి కాళ్ల దగ్గర కూలబడింది. "అమ్మా, నువ్వు రాకపోతే నాను ఆస్పత్రికి ఎల్లను. నీ సెయ్యి పట్టుకోకుండా నా వల్ల కాదు."

"వస్తానే. ఎలగో ఒకలాగ వస్తాను."

ఎలాగో ఆమెకూ తెలియదు. కూతురి జుట్టు నిమురుతూ పాట అందుకుంది. కడుపులో బిడ్డ కాలు తన్నింది. హైమ ఏడుస్తున్నదల్లా నవ్వింది.

"దీనికి ఇష్టమేనే అమ్మా నీ పాట."

*

విదేశీ వ్యవహారాలున్న ఫైళ్లు రిజిస్టరు తపాలాలోనే పంపాలన్నది నియమం. పదిహేడో తారీఖున కూర్మారావు, అసిరమ్మ, ఫైలు ముగ్గురూ పోస్టాఫీసుకు వెళ్లారు. పోస్టుమాస్టరమ్మ కళ్లద్దాల మీంచి చూసింది.

"ఫైలు పంపుతాను. ఈమె ఏంటి?"

"జతపరచినదండి" అన్నాడు కూర్మారావు. ఉత్తర్వు చూపించాడు.

ఆమె కూడా ప్రభుత్వ ఉద్యోగే గనక ఉత్తర్వును గౌరవించింది. "సరే. విలువైన వస్తువైతే మూత వేసి లక్కతో సీలు పెట్టాలి. పాట ఉండేది నోట్లో కదా, నోటికి గుడ్డ కట్టి నాలుగు చోట్ల లక్క వెయ్యండి."

"నోరు మూసీస్తే పాట అందినాదో లేదో ఆళ్లకి ఎలా తెలుస్తాదమ్మా?" అంది అసిరమ్మ.

"విప్పితే పార్శిలు చెడినట్టు. చెడిన పార్శిలుకు మా బాధ్యత లేదు."

చివరికి ఫైలు ఉంచుకుని, కాగితాల నకళ్లు మాత్రం పంపారు. 'జతపరచినది సాంకేతిక కారణములచే నిలిపివేయబడినది' అని పైన రాశారు. ఇరవయ్యో తారీఖు పొద్దున జవాబు వచ్చింది. ప్రభుత్వంలో అంత వేగంగా జవాబు వచ్చిందంటే అది కొర్రీయే అయి ఉంటుంది. పాణిగ్రాహి రికార్డు రూములో నిలబడి పైకి చదివాడు.

"'మీ లేఖలో పేర్కొన్న జతపరచినది ఈ కార్యాలయమునకు అందలేదు. కావున సదరు పాటను మూడు నిజ ప్రతులుగా సిద్ధపరచి, గెజిటెడ్ అధికారిచే ధృవీకరింపజేసి, పంపుటకు సిద్ధముగా ఉంచవలెను.'" కాగితం కిందికి దించాడు. "మూడు నిజ ప్రతులు. గొంతుకు జెరాక్సు ఎక్కడ తీస్తారు? ఇది తేలే ఫైలు కాదు. నేను రిటైరయ్యేదాకా ఉంటుంది."

కలరా ఉండల మధ్య కూర్చున్న అసిరమ్మ తల ఎత్తింది. పంతొమ్మిదేళ్లుగా ఎందరి సర్టిఫికెట్లు ఆమె ఆ జెరాక్సు షాపుకు మోసిందో, ఎన్ని కాపీల మీద ముద్ర ఆరే దాకా ఊదిందో లెక్క లేదు.

"బాబూ, ఒక మాట. టెన్తు సర్టిఫికెట్టుకి కాపీలు తీసి, కమిషనరు బాబు సంతకం ఎట్టినాక, ఒరిజినల్ ఏటి సేస్తారు?"

"అక్కడికక్కడే ఎవరిది వారికి తిరిగి ఇచ్చేస్తాం. ఒరిజినల్ ఆఫీసులో అట్టే పెట్టుకోరాదని సర్క్యులరే ఉంది."

"అయితే కాపీలు తియ్యండి. ఒరిజినల్ తయారుగా ఉంది."

పాణిగ్రాహి మొహం మీద, చాలా ఏళ్ల కిందట పోగొట్టుకున్న రూలు ఒకటి దొరికినట్టు వెలుగు వచ్చింది.

*

మొదటి ప్రతి కూర్మారావు. దబ్బనం దించిన పాపం అతనిదే గనక తప్పించుకోలేకపోయాడు. రెండో ప్రతి అసిస్టెంటు ఇంజనీరు. మూడో ప్రతికి ఏసు ముందుకొచ్చాడు గాని, ప్రైవేటు వ్యక్తిని ప్రభుత్వ పత్రంగా వాడరాదని అభ్యంతరం వచ్చి, పాణిగ్రాహి తానే కూర్చున్నాడు.

కౌన్సిల్ హాలులో పాఠం. అసిరమ్మ కుర్చీలో, ముగ్గురూ బల్ల మీద.

"కూర్మారావూ, నోరు తెరు. ఫైలు సదివినట్టు సదవకు."

"నా గొంతు ఇంతే అప్పా."

"మసక ప్రతి" అని పాణిగ్రాహి రాసుకున్నాడు. "సిరా ఎక్కువ పట్టించాలి."

ఇంజనీరు గడియారం చూస్తూ ప్రతిసారీ సరిగ్గా రెండు నిమిషాల యాభై ఒక్క సెకన్లకు ముగించేవాడు. రాగం ఒక్కటే తక్కువ. పాణిగ్రాహికి చిన్ననాట వేదం చెప్పిన తాత ఉండేవాడు. స్వరం ఎక్కడ ఎత్తాలో ఎక్కడ దించాలో ఒక్క అక్షరం పొల్లుపోకుండా పట్టేశాడు. విన్నవాళ్లు మాత్రం చివర్లో అక్షింతలు వేద్దామా అని చూసేవారు.

"బాబూ, తమరికి అంతా వచ్చీసినాది. కొంచెం నవ్వండి."

"నవ్వు ఒరిజినల్లో ఉందా?"

"ఉంది. రెండో సరణం ఆఖర్న ఆ పిల్ల నవ్వింది. నాను ఇన్నాను."

"అయితే తప్పదు" అని ఆయన నవ్వాడు. ఆఫీసులో అది చూసినవాళ్లు ఇంటికి వెళ్లి చెప్పుకున్నారు.

ఇరవై మూడో తారీఖుకి ఇంకో చిక్కు వచ్చింది. ధృవీకరించే అధికారి 'అసలుతో సరిపోల్చితిని' అని రాయాలి. సరిపోల్చాలంటే కమిషనర్‌కే పాట తెలియాలి. తెలియకుండా సంతకం పెడితే రేపు ఆడిట్‌లో నిలబడదు. చక్రధరరావు తన గది తలుపు వేసుకుని అసిరమ్మ దగ్గర గంటన్నర నేర్చుకున్నాడు. తలుపు పాతది, కింద సందు ఉంది. వరండాలో జనన ధృవపత్రాల కోసం కూర్చున్న వాళ్లంతా విన్నారు. సాయంత్రానికి రేవులో వలలు బాగు చేసుకునే వాళ్లకు కూడా పల్లవి వచ్చేసింది.

ఇరవై నాలుగు పొద్దున పదిన్నరకు హైమకు సన్నగా నొప్పులు మొదలయ్యాయని పక్కింటి వాళ్ల ఫోను. ఏసు ఆటో ఇంటికెళ్లి హైమను ఎక్కించుకుని తిన్నగా ఆఫీసు గేటు ముందు ఆగింది. లోపల ముగ్గురు ప్రతులు వరసగా నిలబడ్డారు. ఎదురుగా కమిషనర్. పక్కన ఒరిజినల్. హాలు నిండా జనం.

"కానీండి బాబూ, గేటు కాడ నా పిల్ల ఉంది" అంది అసిరమ్మ.

అయిదుగురూ అందుకున్నారు. దామె సోంబ్రా, లిమొనేరో. కూర్మారావు గొంతు మసగ్గా, ఇంజనీరుది కొలతగా, పాణిగ్రాహిది హోమంలా, కమిషనర్‌ది శంకుస్థాపనలా సాగింది. వాటన్నిటి కిందా అసిరమ్మ గొంతు పడవ అడుగు చెక్కలా పట్టి నిలబెట్టింది. మధ్యలో నీటి పన్ను కౌంటరు వాళ్లు చప్పట్లు అందుకున్నారు. గేటు దగ్గర ఆటోలో హైమ పళ్లు బిగబట్టి తొడ మీద దరువు వేసింది. రెండో చరణం ఆఖర్న పాణిగ్రాహి నవ్వాడు. గడియారం రెండు నిమిషాల యాభై ఒకటి చూపించింది.

కమిషనర్ ముగ్గురి ముంజేతుల మీదా 'నిజ ప్రతి' ముద్ర వేసి, ఆకుపచ్చ సిరాతో సంతకం పెట్టాడు. అసిరమ్మ అలవాటు కొద్దీ ఊది ఆరబెట్టింది.

"ఇక ఒరిజినల్‌ను యజమానికి తిరిగి ఇవ్వాలి" అన్నాడు పాణిగ్రాహి. అని ఆగిపోయాడు. "యజమాని అంటే... పంపినవారు. సాన్ తెలేరో పురపాలక సంఘం. అంటే నిన్ను వారికి..."

కూర్మారావు మనసులో ఊరి మొదటి బోర్డు మీది బాణాన్ని తలుచుకున్నాడు.

అసిరమ్మ చెవి ట్యాగు పట్టుకుని పాణిగ్రాహి ముందుకు వచ్చింది.

"బాబూ, డిస్కు ఆళ్లది. పంపీండి. పీక నాది."

పాణిగ్రాహి మనసులో రూలు పుస్తకం మొదటి నుంచి చివర దాకా తిరగేశాడు. పీక గురించి అందులో ఏమీ లేదు.

"యజమానికి ముట్టినది" అని రాసి, ఆమె చేత సంతకం పెట్టించాడు. కూర్మారావు ట్యాగు విప్పాడు. విప్పుతూ కళ్లు తుడుచుకున్నాడు. మళ్లీ కట్టే పని లేకుండా ముడి విప్పడం అతని సర్వీసులో అదే మొదటిసారి.

*

దారి పొడుగునా కూతురి చెయ్యి అసిరమ్మ చేతిలో ఉంది. నొప్పి వచ్చినప్పుడల్లా ఇద్దరూ పల్లవి అందుకున్నారు. ఏసు హారనుతో దరువు వేశాడు. మర్నాడు పొద్దున పది గంటలకు ఆడపిల్ల పుట్టింది. అడ్డం తిరగలేదు. తల్లీ బిడ్డా క్షేమం. పిల్ల గొంతు విని నర్సు "ఇది సముద్రం అవతలికి కూడా వినపడుతుంది" అంది.

ఇరవై ఏడో తారీఖు మధ్యాహ్నం పిల్ల ఒకటే రాగం. అసిరమ్మ ఒళ్లో వేసుకుని ఊపుతుంటే ఫోను మోగింది. పాణిగ్రాహి.

"అసిరమ్మా, ఉత్తరానికి తర్జుమా వచ్చింది. ప్రాంతీయ కార్యాలయం వారు విశ్వవిద్యాలయానికి పంపారట. చదువుతాను, విను. 'ప్రియమైన గవ్వలరేవు మిత్రులకు. మా ఊరి అమ్మాయి పాడిన పాట పెద్ద పోటీకి వెళ్లింది. పోటీ ఏప్రిల్లోనే అయిపోయింది. ఇరవై ఆరు పాటల్లో మాది ఇరవై అయిదోది. అయినా మా ఊళ్లో మూడు రోజులు పండగ చేసుకున్నాం. పల్లవికి అర్థం, నిమ్మచెట్టా నీడనియ్యి, నీడ చాలు, ఇంకేమీ వద్దు అని. మీరూ ఒకసారి వినండి. నచ్చితే ఎవరికైనా పాడి వినిపించండి. జవాబు అక్కర్లేదు.'"

"అనుమతి అడగనేదా బాబూ?"

"అడగలేదు." ఆయన గొంతులో చిన్న గాయం వినిపించింది. అంతలోనే సర్దుకున్నాడు. "కాని మూడు పనులు చెప్పారు. తీసుకున్న చర్య ఫైల్లో రాయకుండా మూయడానికి లేదు. విన్నావా?"

"ఇన్నాను."

"నచ్చిందా?"

"నచ్చకపోతే నాలుగు పాలులు ఎందుకింటాను?"

"ఎవరికైనా పాడి వినిపించావా? రుజువు కావాలి."

అసిరమ్మ ఫోను పిల్ల పక్కన పెట్టి అందుకుంది. దామె సోంబ్రా, లిమొనేరో. పిల్ల ఏడుపు మొదటి చరణానికి తగ్గింది, రెండో చరణానికి ఆగింది. మూడో చరణంలో ఫోన్లోంచి సన్నగా, వేదం చదివినట్టు, ఇంకో గొంతు కలిసింది. పాట అయ్యేసరికి పిల్ల గుప్పిళ్లు విప్పి నిద్రపోయింది.

"పడుకుంది. రాసుకోండి బాబూ" అంది అసిరమ్మ మెల్లగా.

అవతల పాణిగ్రాహి కూడా గొంతు తగ్గించాడు. "ఆ అమ్మాయికి కూడా పాట వచ్చేస్తే అది నాలుగో ప్రతి అవుతుంది. ధృవీకరించవలసి ఉంటుంది."

"ముందు దానికి పళ్లు రానీండి."

ఆ సాయంత్రం పాణిగ్రాహి ఫైలు మీద ఆఖరి నోటు రాశాడు. 'వినబడినది. నచ్చినది. పాడబడినది. శిశువు నిద్రించుచున్నది. ఇంకేమియు వద్దని పంపినవారే వ్రాసియున్నందున ఫైలు మూసివేయుటకు అనుమతి కోరడమైనది.'

కమిషనర్ కింద ఆకుపచ్చ సిరాతో రాశాడు. 'చప్పుడు కాకుండా మూయండి.'